డాక్టరు పట్టాభి సీతారామయ్యగారి ఆర్థికదృష్టి

భోగరాజు పట్టాభి సీతారామయ్యగారి పేరు వినగానే కాంగ్రెసు మహాసభ చరిత్రను రచించిన పండితుడును, 1939లో సుభాస్ చంద్ర బోసుగారితో అధ్యక్షపదవికి పోటీచేసి ఓడిన అభ్యర్థియు, 1948లో జయపురపు కాంగ్రెసునకు అధ్యక్షత వహించిన నాయకుడును మన మనస్సునకు తట్టుదురు. రాజకీయములలో ఆయన గెలుపోటములు చరిత్రగ్రంథముల కెక్కినవి. కాని వేలకొలది తెలుగు కుటుంబములకు ఆయన చేసిన మేలు లెక్కల పుస్తకములలో నున్నది. ధరలు తలక్రిందులై, మారకపు రేట్లు నిలకడ తప్పి, పేరుమోసిన బ్యాంకులు తలుపులు మూసికొనుచున్న కాలములో సామాన్యుడు తన కష్టార్జితమును ఎచ్చట నుంచవలెనను ప్రశ్నకు ఆయన సంస్థల రూపమున సమాధానము చెప్పిరి.

ఆయన 1880వ సంవత్సరము నవంబరు 24వ తేదీన ఏలూరునకు సమీపమున నున్న గుండుగొలను గ్రామములో ఒక సామాన్య కుటుంబమున జన్మించిరి. మద్రాసు క్రైస్తవ కళాశాలలో బి.ఏ. పట్టమును, తరువాత ఎం.బి.సి.ఎం. అను వైద్యపట్టమును పొంది, మచిలీపట్టణములో వైద్యవృత్తి నారంభించిరి. సుమారు పదియేండ్లు ఆ వృత్తిలో నుండి, 1916 ప్రాంతమున దానిని విడిచి ప్రజాసేవకు అంకితమైరి. అంతకుముందే 1910లో కోపల్లె హనుమంతరావుగారితోను, ముట్నూరి కృష్ణారావుగారితోను కలిసి ఆంధ్ర జాతీయ కళాశాల స్థాపనలో పాల్గొనిరి.

నాటి మచిలీపట్టణపు స్థితి విచిత్రమైనది. పూర్వము డచ్చి, ఆంగ్ల, ఫ్రెంచి వర్తకుల ఓడలతో కళకళలాడిన ఆ రేవు 1864 నాటి తుపానుచే దెబ్బతిని, క్రమముగా వన్నె తగ్గెను. చుట్టునున్న డెల్టా మాత్రము పచ్చగా నుండెను. 1852లో ధవళేశ్వరమువద్దను, 1855లో బెజవాడవద్దను ఆనకట్టలు పూర్తియైన పిమ్మట కృష్ణా గోదావరీ మండలములలో వరిసాగు విస్తరించెను. పంట యింటికి వచ్చిన నెలలలో రైతునకు డబ్బు ఒక్కసారిగా చేతికందును. నాట్ల వేళకు ఒక్కసారిగా కావలసివచ్చును. మిగులుగలవాడు దానిని బంగారముగా మార్చి భోషాణములో దాచుకొనుచుండెను. లేదా మఱి రెండెకరముల నేల కొనుచుండెను. అప్పు కావలసినవాడు ప్రక్క వీథిలోనే ప్రామిసరీ నోటు వ్రాసియిచ్చి హెచ్చువడ్డీకి తెచ్చుకొనుచుండెను. ఒకే యూరిలో ఒకచోట ధనము నిద్రించుచుండగా, వేరొకచోట ధనము లేక సేద్యము కుంటుచుండెను. ఈ రెంటినడుమ వంతెన కట్టుటయే బ్యాంకు పని.

కాని ఆ వంతెనపై నడచుటకు జనులు భయపడుటకు తగిన కారణములుండెను. 1906 అక్టోబరులో మద్రాసునందలి ఆర్బత్‌నాట్ కంపెనీ దివాలాతీసెను. ఉద్యోగులు, పింఛనుదారులు, వితంతువులు, దేవస్థానములవారు తమ పొదుపును ఆ కంపెనీలో నుంచిరి. ఆ సొమ్ము దూరదేశముల సాహసవ్యాపారములలో కరగిపోయెను. ఆ దెబ్బనుండియే మఱుసటి యేడు మద్రాసులో ఇండియన్ బ్యాంకు పుట్టెను. 1913లో లాహోరునందు పీపుల్స్ బ్యాంకును, బొంబాయియందు ఇండియన్ స్పీషీ బ్యాంకును కూలిపోయినవి. రెండవది వెండిపై జూదమువంటి బేరములాడి పడిపోయెను. ఊళ్లు వేరైనను రోగమొక్కటియే: సమీపమున సేకరించిన ధనమును, కంటికి కనబడని చోట, అడిగినప్పుడు తిరిగిరాని రీతిని ఖర్చుపెట్టుట. వైద్యుడు మందు వ్రాయుటకు ముందు రోగము కనిపెట్టవలెను. పట్టాభిగారు స్థాపించిన సంస్థల వరుసను పరికించినచో ఈ రోగనిదానము వానియందు స్పష్టముగా గోచరించును.

మొదటిది 1915లో వెలసిన కృష్ణామండల సహకార బ్యాంకు. 1912 నాటి సహకార సంఘముల చట్టము ఇట్టి కేంద్ర బ్యాంకుల స్థాపనకు వీలు కల్పించెను. ఇందు అప్పు పుచ్చుకొనువాడు ఎవరో, అతని పొలమెట్టిదో, మాట యెట్టిదో తోటి సభ్యు లెఱిగియుందురు. తెలిసినవారికే అప్పిచ్చుట ఇందలి రక్ష. అయితే సహకార సంస్థ వర్తకుని అవసరములన్నిటిని తీర్పజాలదు. ఈలోగా మొదటి ప్రపంచయుద్ధము వచ్చి ధరలను పెంచెను. 1920లో ప్రభుత్వము రూపాయి మారకమును రెండు షిల్లింగులుగా నిర్ణయించెను. ఆ రేటు నిలువక, మఱుసటి సంవత్సరమునకు ఒక షిల్లింగు మూడు పెన్నీల దరిదాపులకు దిగజారెను. పాత రేటును నమ్మి విదేశపు సరకులకు ఆర్డర్లిచ్చిన వర్తకులు దేశమంతట నష్టపడిరి.

1923 ఏప్రిలులో అలయన్సు బ్యాంకు ఆఫ్ సిమ్లా మూతపడెను. పెద్ద పెద్ద తెల్లదొరల యాజమాన్యమున నున్న బ్యాంకునకే ఆ గతి పట్టగా, కొత్త బ్యాంకు పెట్టుదమను తలంపు సాహసమువలె తోచును. అదే సంవత్సరము నవంబరు 20వ తేదీన ఆంధ్రా బ్యాంకు రిజిస్టరు చేయబడెను. 28వ తేదీన మచిలీపట్టణములో వ్యాపార మారంభించెను. అధికృత మూలధనము పది లక్షల రూపాయలు. చెల్లింపబడినది ఒక్క లక్ష మాత్రమే. మంచమున్నంతమేరకే కాళ్లు చాచుకొనవలెనను సామెతను ఈ అంకెలు గుర్తుకు తెచ్చును. అప్పటికి దేశములో రిజర్వు బ్యాంకు లేదు. అది 1935లో గాని రాలేదు. డిపాజిట్లకు బీమా లేదు. అది 1962లో, డిపాజిటుదారు నొక్కనికి 1,500 రూపాయల మేరకు మొదలయ్యెను. కావున ఆనాడు బ్యాంకులో సొమ్ము వేసినవానికి గల హామీ నిర్వాహకుల నడవడి మాత్రమే. వైద్యవృత్తిని విడిచి స్వలాభ మపేక్షింపక తిరుగుచున్న మనుష్యుని పేరు ఆ హామీకి కొంత బలము చేకూర్చెను.

బ్యాంకుతో ఆయన ఆగలేదు. 1925లో ఆంధ్ర ఇన్సూరెన్సు కంపెనీని, 1927లో వడియమన్నాడులో భూమి తనఖా బ్యాంకును, 1929లో భారతలక్ష్మీ బ్యాంకును, 1935లో హిందూస్థాన్ ఐడియల్ ఇన్సూరెన్సు కంపెనీని నెలకొల్పిరి. ఇన్ని సంస్థ లేలయని అడుగవచ్చును. డబ్బునకు గల కాలపరిమితిని గమనించినచో సమాధానము దొరకును. బ్యాంకులోని డిపాజిటు, యజమాని యడిగిననాడో, కొలది నెలలకో, తిరిగి చెల్లింపవలసినది. దానిని సరకుపైనను, హుండీలపైనను స్వల్పకాలమునకు మాత్రమే అప్పీయవచ్చును. పాతబాకీ తీర్చుకొనుటకో, నేల బాగుచేసికొనుటకో రైతునకు కావలసిన అప్పు పది, ఇరువది యేండ్ల వాయిదాలలో గాని తీరదు. మొదటి ధనమును రెండవ పనికి వాడిన బ్యాంకు, డిపాజిటుదారులు వరుసకట్టిన దినమున కూలును. అందుచేత భూమికి వేరు బ్యాంకు అవసరము. బీమా సంస్థకు వచ్చు ప్రీమియములు చాలకాలము నిలుచు ధనము. వానిని దీర్ఘకాలపు పత్రములలో నుంచవచ్చును. సంపాదించువాడు హఠాత్తుగా మరణించినచో అతని కుటుంబము వడ్డీవ్యాపారి గుమ్మమెక్కకుండ కాపాడునదియు అదియే. ఒక్కొక్క అవసరమునకు తగిన పాత్రను వేర్వేరుగా నమర్చుటలో ఆయన వివేకము కానవచ్చుచున్నది.

ఈ ఏర్పాటునకు పరీక్ష త్వరలోనే వచ్చెను. 1929లో మొదలైన ఆర్థికమాంద్యము డెల్టా రైతును కుదిపివైచెను. రెండుమూడేండ్లలో ధాన్యపు ధర ఇంచుమించు సగమునకు పడిపోయెను; శిస్తును, వడ్డీని మాత్రము రూపాయలలోనే చెల్లింపవలసియుండెను. ధర సగమైనచో అప్పు రెట్టింపైనట్లే. సరిగా ఆ సమయముననే, 1930లో, పట్టాభిగారు ఉప్పు సత్యాగ్రహములో పాల్గొని కారాగృహమునకు వెళ్లిరి. 1938 జూనులో దక్షిణదేశమున పేరొందిన తిరువాన్కూరు నేషనల్ అండ్ క్విలాన్ బ్యాంకు చెల్లింపులు నిలిపివేయగా, దక్షిణాది బ్యాంకుల డిపాజిటుదారులు బెదిరిపోయిరి. 1942 మొదలు 1945 వఱకు ఆయన అహమ్మదునగరపు కోటలో బందీగా నుండిరి. ఇన్ని విడుతలు స్థాపకుడు లేకున్నను ఆంధ్రా బ్యాంకు తలుపులు తెఱచియే యుండెను. ఒక మనుష్యునిపై ఆధారపడక నడచినప్పుడే సంస్థ సంస్థ యగును.

ఈ కృషికి గల పరిమితులను కూడ చెప్పుట న్యాయము. భూమి తనఖాపై ఇచ్చు అప్పు భూమిగలవానికే అందును. సొంతనేల లేని కౌలుదారును, వ్యవసాయకూలియు ఈ సంస్థల గడప కవతలనే చాలకాలము నిలిచిపోయిరి. మచిలీపట్టణపు బ్యాంకులు వర్తకునికిని, మధ్యతరగతి యుద్యోగికిని, సొంతనేలగల రైతునకును మేలుచేసినంతగా వారికి చేయలేదు. ఆ కొఱతను తీర్చు భారము తరువాతి తరములవారిపై పడినది.

స్వాతంత్ర్యానంతరము పట్టాభిగారు రాజ్యాంగసభలో సభ్యులై, 1952 నుండి 1957 వఱకు మధ్యప్రదేశ్ గవర్నరుగా నుండి, 1959 డిసెంబరు 17వ తేదీన హైదరాబాదులో పరమపదించిరి. ఆయన కన్నులయెదుటనే 1956లో జీవితబీమా వ్యాపారము జాతీయము చేయబడి, ఆయన నాటిన మొక్కలలో ఒకటి దేశవ్యాప్తమైన వృక్షములో కలిసెను. 1964లో భారతలక్ష్మీ బ్యాంకు ఆంధ్రా బ్యాంకులో విలీనమయ్యెను. 1980లో ఆంధ్రా బ్యాంకు జాతీయము చేయబడెను. 2020 ఏప్రిలు 1వ తేదీన అది యూనియన్ బ్యాంకు ఆఫ్ ఇండియాలో కలియుటతో, తొంబదియారేండ్లకు పైగా తెలుగువారి వీథులలో వెలిగిన ఆ పేరు బోర్డులనుండి తొలగెను. పలువురు ఆ నాడు చింతించిరి, అది సహజము. కాని పేరు మాఱినను డిపాజిటుదారుని రూపాయి పోలేదు. 1906లో ఆర్బత్‌నాట్ వాకిట నిలిచిన పింఛనుదారుల దుఃఖముతో పోల్చిచూచిన, ఈ భేదము విలువ తెలియును.

రేపటి ధరను, మారకపు రేటును ఎవరును ముందుగా చెప్పజాలరు. పట్టాభిగారును వానిని ముందుగా కనిపెట్టి ధనము గడించినవారు కారు. తన ధనము ఎవరి చేతికి పోవుచున్నదో తెలిసికొనుట, త్వరలో కావలసిన సొమ్మును దీర్ఘకాలము చిక్కుకొను చోట నుంచకుండుట, ఇల్లు నడపు మనిషి లేని దినమునకు ముందే ఏర్పాటు చేయుట: ఈ మూడును ఆయన సంస్థల కట్టుబాటులో ఇమిడియున్నవి. నెలజీతముపై సంసారము నడుపుకొనుచు, భవిష్యనిధిలో కొంత, బీమాలో కొంత, బ్యాంకులో కొంత దాచుకొను ప్రతి కుటుంబమును, ఎఱిగియో ఎఱుగకయో, ఆ బందరు వైద్యుడు చూపిన దారినే నడచుచున్నది.