కుర్ట్ వైల్

పాడువాడు కనబడకుండ పాట వినబడుట నేడు మనకు వింత కాదు. జర్మనీ దేశమున రేడియో ప్రసారములు 1923వ సంవత్సరమున ఆరంభమైనప్పుడు అది గొప్ప వింత. సంగీత విద్వాంసులలో కొందరు ఆ పెట్టెను ఆటవస్తువుగా నెంచిరి. అట్లెంచని స్వరకర్తలలో ముఖ్యుడు కుర్ట్ వైల్.

ఇతడు 1900 మార్చి 2వ తేదీన డెస్సౌ పట్టణమున జన్మించెను. తండ్రి యూదుల ప్రార్థనామందిరమున గాయకుడు. కుర్ట్ బెర్లిను నగరమునకు బోయి బుసోని యను మహావిద్వాంసుని కడ శిష్యరికము చేసెను. 1925 మొదలు 1929 వరకు ఒక రేడియో పత్రికకు విమర్శలు వ్రాసి జీవనము గడపెను. ప్రసారములను వినుట, మంచిచెడ్డలు తూచుట అతని పని. ఆ పనియే అతనికి రెండవ గురువయ్యెనని నా తలంపు. నాటకశాలకు వచ్చువాడు సంగీతము కొరకే వచ్చును. రేడియో వినువాడు వంటయింటనో పనిచోటనో ఉండును. వాని చదువెంతయో తెలియదు. అట్టివానికి సైతము తెలియునట్లు వ్రాయవలెనని వైల్ గ్రహించెను.

1928వ సంవత్సరమున బెర్టోల్ట్ బ్రెహ్ట్ అను కవితో కలిసి రచించిన 'మూడు కాసుల సంగీతనాటకము' అతనికి గొప్ప పేరు తెచ్చెను. ఆ యేడే ఫ్రాంక్‌ఫర్టు రేడియో వారు కోరగా, బ్రెహ్ట్ పద్యములకు 'బెర్లిను రెక్వియం' అను మృతస్మృతి గానమును కూర్చెను. పురుష కంఠములకు ప్రధానముగా ఊదు వాద్యములనే తోడు చేసెను. అది 1929 మే నెలలో ప్రసారమయ్యెను.

విద్యార్థులారా, ఇక మీ వంటి వారి ముచ్చట. 1930 జూన్ నెలలో వీరిరువురి 'అవుననువాడు' అను పాఠశాలా సంగీతనాటకము బెర్లినులో వెలువడెను; రేడియోలో ప్రసారమయ్యెను. కథకు మూలము జపాను నాటకము. తల్లి మందుకై గురువుతో కొండలు దాటబోయిన బాలుడు నడుమ వ్యాధి పాలగును. ఆచారము ప్రకారము తన్ను లోయలో విడుచుటకు వాడు "అవును" అనును. న్యూకోల్న్‌లోని ఒక పాఠశాల పిల్లలు దీనిని చదివి, ఆచారమన్నంత మాత్రమున తలయొగ్గవలెనా యని ఆక్షేపించిరి. బ్రెహ్ట్ వారి మాట పెడచెవిని బెట్టలేదు. కథను మార్చెను, పైగా 'కాదనువాడు' అను మరియొక నాటకమును వ్రాసెను. పిల్లల ప్రశ్నకు కవి దిద్దుకొనుట ఉపాధ్యాయుడనగు నాకు మిగుల ప్రియమైన ఘట్టము.

1933వ సంవత్సరమున హిట్లరు అధికారమునకు వచ్చెను. యూదుడగు వైల్ మార్చి నెలలో పారిసునకు పారిపోయెను. జర్మనీలో అతని సంగీతమునకు తావు లేకపోయెను. 1935లో అమెరికా చేరి, ఆంగ్లమును నేర్చి, ఆ భాషాగీతములకే స్వరములు కూర్చెను. భార్యకు వ్రాయు లేఖలు సైతము క్రమముగా ఆంగ్లములోనికి మారెను. ఇంట నొక భాష, వీధిలో నొక భాషగా బ్రదుకు మనకు ఈ మార్పు ఎంత బరువో చెప్పనక్కరలేదు.

అయినను పాత తలంపు అతనిని విడువలేదు. 1945లో అమెరికా జానపద గీతముల నాధారముగా 'డౌన్ ఇన్ ది వ్యాలీ' అను చిన్న సంగీతనాటకమును రేడియో కొరకు వ్రాసెను. అది అప్పుడు ప్రసారము కాలేదు. దానిని మరల దిద్దగా, 1948లో ఇండియానా విశ్వవిద్యాలయ విద్యార్థులు ప్రదర్శించిరి. 1950 జనవరిలో అమెరికా టెలివిజనులో అది ప్రసారమయ్యెను. ఆ యేటనే ఏప్రిల్ 3వ తేదీన, 50 ఏండ్ల వయస్సున, కుర్ట్ వైల్ న్యూయార్కులో హృద్రోగముతో మరణించెను.