డెరెక్ జార్మన్: చిన్న కెమెరాతో పంక్ సంగీతాన్ని పట్టేసిన దర్శకుడు

1976 ఫిబ్రవరి 14. లండన్‌లో థేమ్స్ నది ఒడ్డున బట్లర్స్ వార్ఫ్ పాత గోదాముల్లో శిల్పి ఆండ్రూ లోగన్ ఇచ్చిన పార్టీ అది. అప్పటికి పెద్దగా ఎవరికీ తెలియని కుర్రాళ్ల బ్యాండ్ వాయిస్తోంది. పేరు సెక్స్ పిస్టల్స్. టీవీ వాళ్లు ఇంకా వీళ్లను పట్టించుకోని రోజులు. గుంపులో ఒకాయన మాత్రం అరచేతిలో ఇమిడే సూపర్ 8 కెమెరాతో తీస్తున్నారు. ఆయనే డెరెక్ జార్మన్. ఆ బ్యాండ్‌కు సంబంధించి మిగిలిన తొలినాటి దృశ్యాల్లో ఆ రీలు కూడా ఒకటి.

1942లో పుట్టిన జార్మన్ చదివింది చిత్రకళ. కెన్ రస్సెల్ సినిమా 'ది డెవిల్స్'కు సెట్లు వేసి పేరు తెచ్చుకున్నారు. పెద్ద సినిమాల దారి తెరుచుకున్నా సూపర్ 8ని వదల్లేదు. మామూలుగా ఇళ్లలో పిల్లల పుట్టినరోజులు తీసుకునే కెమెరా అది. ఒక్కో రీలు మూడు నిమిషాల చిల్లర. నిర్మాతను బతిమాలే పని లేదు, లైట్లు మోసే పని అంతకన్నా లేదు. సెకనుకు కొన్ని ఫ్రేములే తీసి, ప్రొజెక్టర్‌ను నెమ్మదిగా తిప్పేవారు. మనుషులు నీళ్లలో కదిలినట్టు కనిపించేవారు.

1978లో పంక్ కుర్రాళ్లనే నటులుగా పెట్టి 'జూబిలీ' తీశారు. విచిత్రం ఏంటంటే, అది ఆ గుంపులోనే కొందరికి మింగుడుపడలేదు. డిజైనర్ వివియన్ వెస్ట్‌వుడ్ అయితే సినిమాను తిట్టిపోస్తూ బహిరంగ లేఖ రాసి, ఏకంగా టీషర్టు మీదే అచ్చేయించారు! జార్మన్ మాత్రం ఆ సంగీతానికి దూరం కాలేదు. థ్రాబింగ్ గ్రిజిల్ బృందం లండన్‌లోని హెవెన్ క్లబ్‌లో ఇచ్చిన ప్రదర్శనను కూడా అదే సూపర్ 8తో తీశారు. 1986లో ద స్మిత్స్ పాటలకు ఆయన తీసిన చిత్రాల్లోనూ ఆ గరుకు బొమ్మే కనిపిస్తుంది.

అదే ఏడాది డిసెంబరులో హెచ్‌ఐవీ ఉందని తేలింది. ఆ జబ్బు పేరెత్తితేనే జనం భయపడే రోజుల్లో, దాచకుండా బయటకు చెప్పేశారు. మందులు, ఆసుపత్రుల మధ్యే సినిమాలు తీశారు. చివరికి చూపు పోతూ వచ్చింది. బొమ్మలతోనే బతికిన మనిషికి అంతకన్నా దెబ్బ ఏముంటుంది? 1993లో 'బ్లూ' తీశారు. 79 నిమిషాల పాటు తెరంతా నీలిరంగే. గొంతులు, సంగీతం, చప్పుళ్లు తప్ప ఒక్క దృశ్యం కూడా ఉండదు. ఛానల్ 4, బీబీసీ రేడియో 3 దాన్ని ఒకేసారి ప్రసారం చేశాయి.

1994 ఫిబ్రవరి 19న 52 ఏళ్ల వయసులో జార్మన్ కన్నుమూశారు. డంజెనెస్‌లో, అణు విద్యుత్ కేంద్రం దగ్గర గులకరాళ్ల మధ్య ఆయన తోట పెంచుకున్న చిన్న చెక్క ఇల్లు ప్రైవేటు అమ్మకానికి పోయేలా ఉండటంతో, 2020లో జనం చందాలేసుకున్నారు. 35 లక్షల పౌండ్లకు పైగా పోగై, ఇల్లు నిలిచింది.