రైతు గోడును వెండితెరకెక్కించిన గూడవల్లి

తెలుగు తెరపై పురాణ కథలదే రాజ్యమైన రోజుల్లో పల్లెలోని అంటరానితనాన్ని, జమీందారీ రైతు కడగండ్లను సినిమాగా తీసి చూపిన దర్శకుడు గూడవల్లి రామబ్రహ్మం.

ఆయన 1902లో కృష్ణా జిల్లా నందమూరు గ్రామంలో జన్మించారు. జాతీయోద్యమం పట్ల ఆకర్షితులయ్యారు. మద్రాసులో ప్రజామిత్ర పత్రికను నడిపారు. అయితే పత్రిక చదువు వచ్చినవారికే పనికొస్తుంది. చదువురాని కూలీనాలీకి కూడా విషయం చేరవేయగలిగినది సినిమా. రామబ్రహ్మం ఆ దారి పట్టారు.

చల్లపల్లి రాజా అండతో సారథి సంస్థ పక్షాన 1938లో మాలపిల్ల తీశారు. చలం కథకు తాపీ ధర్మారావు మాటలు రాశారు. బ్రాహ్మణ యువకుడు, మాలవాడ పిల్ల ప్రేమించుకోవడం, ఆలయ ప్రవేశం కోసం పేదలు పోరాడటం ఇందులోని కథ. కాంచనమాల నాయిక. ఛాందసులు మండిపడ్డా జనం విరగబడి చూశారు.

మరుసటి ఏడాది రైతుబిడ్డ వచ్చింది. బళ్లారి రాఘవ రైతుగా నటించారు. అప్పు తీసుకున్న రైతు, ఎన్నికల్లో జమీందారు మనిషికి కాక రైతుల అభ్యర్థికి ఓటు వేసి కష్టాల పాలవుతాడు. కొసరాజు పల్లె బాణీలో పాటలు రాశారు. ఈ చిత్రంపై బొబ్బిలి, వెంకటగిరి జమీందార్లు కన్నెర్రజేశారు. కొన్నిచోట్ల ప్రదర్శన నిలిచిపోయింది. జమీందార్లను ఎండగట్టిన ఈ చిత్రానికి పెట్టుబడి పెట్టిన చల్లపల్లి రాజా కూడా జమీందారే కావడం విశేషం.

రామబ్రహ్మం ఒకే తరహా కథకు కట్టుబడలేదు. ఇల్లాలు (1940), అపవాదు (1941), పంతులమ్మ (1943) సంసార పక్షమైన సాంఘికాలు. పత్ని (1942) కణ్ణగి గాథ. మాయాలోకం (1945) జానపదం. అందులో అప్పటికి కొత్త నటుడైన అక్కినేని నాగేశ్వరరావుకు అవకాశమిచ్చారు. అనంతరం చరిత్రవైపు మళ్లి పల్నాటి యుద్ధం చేపట్టారు. చాపకూడు పెట్టి కులాల అడ్డుగోడలు తొలగించజూసిన బ్రహ్మనాయుడి కథ ఆయన మనసుకు దగ్గరిదే.

అయితే ఆ చిత్రం పూర్తికాకముందే 1946లో, 44 ఏళ్ల వయసులో రామబ్రహ్మం కన్నుమూశారు. మిగిలిన భాగాన్ని ఎల్.వి.ప్రసాద్ పూర్తిచేయగా 1947లో విడుదలైంది.

జమీందారీల రద్దు చట్టం మద్రాసు రాష్ట్రంలో 1948లో వచ్చింది. రైతుబిడ్డ తీసిన మనిషి ఆ రోజు చూడటానికి లేరు. ఓటు వేసినందుకు రైతు దెబ్బలు తిన్న కాలమొకటి ఉండేదని నేటి పల్లె యువకులు తెలుసుకోవాలంటే ఆయన కథ వినవలసిందే.