మదనపల్లె బిడ్డ: జిడ్డు కృష్ణమూర్తిగారి జీవితం

మన కృష్ణగిరి నుండి బయలుదేరి, కుప్పం దాటి, పలమనేరు, పుంగనూరుల మీదుగా పోతే ఒక్క పూటలో మదనపల్లె చేరవచ్చును. మనలో ఎందరికో ఆ వైపున చుట్టరికాలున్నవి. ఆ ఊరిలో పుట్టిన ఒక తెలుగు బిడ్డ పసితనం దాటీదాటకమునుపే పరాయివారి చేతికి చేరి, సముద్రాలు దాటి, తల్లి నేర్పిన భాషను మరచి, లోకమంతటికీ బోధకుడైనాడు. ఆయనే జిడ్డు కృష్ణమూర్తిగారు. వారి తత్త్వాన్ని గురించి వ్రాయగల పెద్దలు అనేకులున్నారు. ఈ ఉగాది సంచికలో వారి జీవితాన్ని మరొక వైపు నుండి చూద్దాము. పిల్లలను వెంటబెట్టుకొని పొరుగు రాష్ట్రంలో కాపురాలు పెట్టిన మనకు ఆ వైపే ఎక్కువ అక్కరకు వచ్చునని మా నమ్మకం.

1895వ సంవత్సరం మే నెలలో కృష్ణమూర్తిగారు జన్మించారు. తల్లి సంజీవమ్మగారు మహా భక్తురాలు. ఈ బిడ్డను ఆమె పూజగదిలోనే ప్రసవించినారట. ఎనిమిదవ సంతానం గనుక దేవకీనందనుని పేరు పెట్టారు. తండ్రి నారాయణయ్యగారు పట్టభద్రులు, రెవెన్యూ శాఖలో ఉద్యోగి, తహసీల్దారు పదవి వరకు వచ్చినవారు. ఆ రోజులలో మదనపల్లె కడప జిల్లాలో ఉండేది. మన కృష్ణగిరి సేలం జిల్లాలో ఉండేది.

బాలుడు చిన్ననాట మలేరియా జ్వరంతో చాలా బాధపడ్డాడు. బడిలో పాఠం వినక కిటికీవంక చూస్తూ కూర్చొనేవాడు. ఉపాధ్యాయులు మందబుద్ధి అనుకొని కొట్టేవారు. 1905లో సంజీవమ్మగారు కన్నుమూశారు. అప్పటికి కృష్ణమూర్తికి పదేండ్లు. ఆ ఇంటి దీపం ఆనాడే ఆరిందనవచ్చును.

ఉద్యోగం నుండి విరమించిన నారాయణయ్యగారికి సగం జీతం పింఛనుగా మిగిలింది; పిల్లలు పలువురు. దివ్యజ్ఞాన సమాజంలో వారు చిరకాల సభ్యులు. అడయారులోని సమాజ కార్యస్థానంలో ఏదైనా పని ఇప్పించమని అధ్యక్షురాలు అనీబిసెంటు అమ్మగారికి మరల మరల వ్రాసుకొని, చివరకు 1909 జనవరిలో కొడుకులతో అక్కడికి చేరారు. ఆవరణ వెలుపల ఒక పాడుబడిన ఇంటిలో కాపురం. పిల్లలు మైలాపూరు బడికి నడచిపోయేవారు.

ఆ వేసవిలో సమాజ ప్రముఖుడైన లెడ్‌బీటరు అడయారు సముద్రతీరాన ఈ బక్క పిల్లవానిని చూచి, జగద్గురువు అవతరించుటకు తగిన పాత్ర ఇతడేనని ప్రకటించారు. అక్కడితో బాలుని జీవితం తలక్రిందులైంది. జుట్టు తీరు, బట్టలు, ఆహారం, నిద్ర, ఆట, అన్నీ మారినవి. బడి మానిపించి ఇంగ్లీషు మాట్లాడించారు. తనతో పాటు తమ్ముడు నిత్యానందను ఉంచుకొంటేనే ఉంటానని కృష్ణమూర్తి పట్టుబట్టినందున ఇద్దరినీ కలిపే పెంచారు. దొరల మధ్య తెలుగు పలికేవారు లేరు. పలుకవలసిన అవసరమూ లేకపోయింది. కొద్దికాలంలోనే కృష్ణమూర్తికి తెలుగు మరపుకు వచ్చింది. దానికి బదులుగా మరొక భారతీయ భాషనూ ఎవరూ నేర్పలేదు.

1910 మార్చి 6వ తేదీన నారాయణయ్యగారు ఇద్దరు కుమారుల సంరక్షణాధికారాన్ని అనీబిసెంటు అమ్మగారికి అప్పగిస్తూ పత్రంపై సంతకం చేశారు. ఇది మన శాస్త్రోక్తమైన దత్తత కాదు. గోత్రం మారలేదు, ఇంటిపేరు మారలేదు. కాని మిగిలినదంతా మారింది. ఆ తండ్రిని తొందరపడి నిందించరాదు. భార్య లేదు, రాబడి చాలదు. పిల్లలకు ఆక్స్‌ఫర్డు చదువు చెప్పిస్తామని లోకప్రసిద్ధురాలైన అమ్మగారు అంటున్నారు. మనలో ఎవరమైనా ఏమి చేసి ఉండేవారమో గుండెమీద చేయి వేసుకొని చెప్పుకోవలసిందే.

1911లో అన్నదమ్ములిద్దరూ ఇంగ్లండు చేరారు. చలి దేశం, అలవాటులేని బూట్లు, ఎక్కడికి పోయినా తమవంక చూచే జనం. ఈలోగా ఇక్కడ తండ్రి మనసు మారింది. లెడ్‌బీటరు సాంగత్యం తన పిల్లలకు వద్దని ఆయన మొదటినుండీ అనేవారు. కన్నబిడ్డను దేవునిగా నిలిపి మనుషులు సాష్టాంగపడటం ఆయన సహించలేకపోయారు. 1912లో తన బిడ్డలను తనకు ఇప్పించమని దావా వేశారు. ఆయన పక్షాన సి.పి. రామస్వామి అయ్యరుగారు నిలిచారు; అనీబిసెంటు అమ్మగారు వకీలును పెట్టుకొనక తన వాదం తానే వినిపించారు. 1913 ఏప్రిల్‌లో మద్రాసు హైకోర్టు జస్టిస్ బేక్‌వెల్ తండ్రి పక్షాన తీర్పు చెప్పారు. అప్పీలులోనూ అమ్మగారు ఓడిపోయి లండనులోని ప్రీవీ కౌన్సిలుకు పోయారు.

1914 మే 25వ తేదీన ప్రీవీ కౌన్సిలు క్రింది తీర్పులను కొట్టివేసింది. ఈ తీర్పు నేటికీ న్యాయవాదులు ఉదహరించేది గనుక ఇందులోని రెండు సంగతులు మనం తెలిసికొనదగినవి. మొదటిది తండ్రికి ఊరట కలిగించేది. బిడ్డల సంరక్షణ తండ్రిపై ఉన్న పవిత్రమైన బాధ్యత. దానిని బ్రతికియుండగా మరొకరికి శాశ్వతంగా ధారపోయుటకు వీలులేదు. అప్పగించినా తిరిగి తీసికొనవచ్చును. రెండవది ఆయనను ఓడించినది. పిల్లలు ఇంగ్లండులో ఉండగా దావా చెంగల్పట్టు కోర్టులో పడింది. పైగా ఆ పిల్లలను కక్షిదారులుగా చేర్చలేదు, వారి మేలును, వారి కోరికను ఎవరూ విచారించలేదు. అప్పటికి కృష్ణమూర్తికి పందొమ్మిదేండ్లు. తండ్రి వాదించారు, అమ్మగారు వాదించారు, న్యాయమూర్తులు విన్నారు. ఆ అబ్బాయికి ఏమి కావాలో అడుగవలసి ఉండెనన్న మాట అందరికంటె చివరగా సముద్రానికి ఆవల పలుకబడింది. అన్నదమ్ములు తాము ఇంగ్లండులోనే ఉంటామని తెలియజేసికొన్నారు. తెలిసిన ఊరు వారికి అప్పటికి అదే అయింది.

ఇంత చేసి తెచ్చుకొన్న చదువు మాత్రం కలిసిరాలేదు. ఆక్స్‌ఫర్డు వారు చేర్చుకొనలేదు. లండను మెట్రిక్యులేషను పలుమార్లు తప్పింది. తల్లి ప్రేమకు మొగంవాచిన ఆ యువకుడు లేడీ ఎమిలీ లట్యెన్స్ అనే దొరసానివద్ద ఆ ఆప్యాయతను వెదకికొన్నాడు. తెల్లవారిలో పెరిగినా తెల్లవాడు కాలేదు. తెలుగువాడై పుట్టినా తెలుగువాడుగా మిగలలేదు. ఇక తనవాడంటూ మిగిలినది తమ్ముడొక్కడే.

1921 చివర, తొమ్మిదేండ్ల పైచిలుకు ఎడబాటు తరువాత, అన్నదమ్ములు స్వదేశం వచ్చి మద్రాసులో తండ్రిని దర్శించి పాదాలకు మ్రొక్కారు. మ్రొక్కుటకు భాష అక్కరలేదు. నారాయణయ్యగారికి ఇంగ్లీషు వచ్చును గనుక మాటకూ లోటుండదు. కాని కడపలో సంజీవమ్మగారు ఏ భాషలో ఆ బిడ్డను అన్నానికి పిలిచారో ఆ భాష అతని నాలుకపై లేదు. కోర్టులో గెలిచినవారికీ ఓడినవారికీ ఆ నష్టానికి పరిహారం ఇప్పించగల డిక్రీ లేదు.

1925 నవంబరులో క్షయవ్యాధిగ్రస్తుడైన నిత్యానంద అమెరికాలోని ఓహైలో మరణించాడు. ఓడ సూయజ్ కాలువ ప్రవేశించిన వేళ ఆ తంతి కృష్ణమూర్తికి అందింది. తమ్ముడు బ్రతుకుతాడని మహాత్ములపై నమ్మకముంచినవాడు ఆ దుఃఖంలో కుప్పకూలి, మరల లేచేసరికి మరొక మనిషైనాడు. 1929 ఆగస్టు 3వ తేదీన హాలండులోని ఓమ్మెనులో, సుమారు మూడువేలమంది అనుయాయుల ఎదుట, తనను ప్రభువుగా నిలిపి కట్టిన తారక సంఘాన్ని తానే రద్దుచేశారు. తన పేర వచ్చిన భూములను, కోటను తిరిగి ఇచ్చివేశారు. ఇతరులు తనకు తొడిగిన రూపాన్ని అంత నిండుసభలో విడిచిన మనిషి చరిత్రలో అరుదు. అయినా తనను పెంచిన అనీబిసెంటు అమ్మగారిపై గౌరవం మాత్రం విడువలేదు. 1933లో ఆమె గతించేవరకు అమ్మ అనే భావించారు.

అటుపిమ్మట అర్ధశతాబ్దికి పైగా దేశదేశాలు తిరిగి ఉపన్యసించారు. జాతి, మతం, దేశం అనే కట్లు మనిషిని మనిషి నుండి వేరుచేస్తున్నవని బోధించారు. ఏ దేశానికీ తాను చెందననే ఆయన మాటను పండితులు వేదాంతమంటారు. వేదాంతమే కావచ్చును. కాని ఏ గూటికీ చెందనీయకుండా పెరిగిన బాలుడొకడు ఆ మాట వెనుక నిలిచి ఉన్నాడని మాకు తోస్తుంది. తనకు జరిగిన లోటునే ఆయన లోకానికి పనికివచ్చే వెలుగుగా మార్చుకొన్నారు. అందరికీ అది సాధ్యం కాదు.

చిత్రమేమనగా, ఆయన విద్యాలయాలలో ముఖ్యమైనది వెలసినది ఆయన పుట్టిన గడ్డమీదనే. 1920ల నడుమ ఆయన స్థలం వెదకుతూ మదనపల్లె దగ్గరి లోయను ఎన్నుకొన్నారు, అదే రిషివ్యాలీ. ఏటేటా అక్కడికి వచ్చి, పిల్లలతో కూర్చొని సంస్కృత శ్లోకాలు పఠించేవారు. ప్రసంగం మాత్రం ఇంగ్లీషులోనే. 1985 డిసెంబరులో చివరిసారి వచ్చారు. 1986 ఫిబ్రవరి 17న ఓహైలో పరమపదించారు. చితాభస్మాన్ని అమెరికా, ఇంగ్లండు, భారతదేశాలకు మూడు పాళ్ళు చేశారు.

నాటికీ నేటికీ చట్టాలు మారినవి. అంతర్దేశీయ దత్తతలను గురించిన 1993 నాటి హేగ్ ఒడంబడికను మన దేశం 2003లో ఆమోదించింది. 2015 నాటి బాలల న్యాయచట్టం ప్రకారం దత్తత ఉత్తర్వుకు ముందు, బిడ్డ వయస్సును, తెలివిని బట్టి వాని కోరికను విచారించవలసి ఉన్నది. విదేశాలలో పెరిగిన దత్త సంతానం పెద్దయ్యాక తమ మూలాలను వెదకికొనుటకు నిబంధనలు దారి కల్పించినవి. ఏండ్లు గడచినాక అలా మన నేలకు వచ్చి, తల్లి ఎవరో, ఊరు ఏదో అడుగుతున్న యువతీ యువకులను చూచి, అన్నీ అమరినవి గదా ఇంకేమి కావాలని కొందరంటారు. కృష్ణమూర్తిగారికీ అన్నీ అమరినవి.

మన ఇండ్లలో దత్తత లేకపోవచ్చును. కాని హోసూరులోనూ కృష్ణగిరిలోనూ మన పిల్లలు బడిలో తమిళం, సంతలో కన్నడం, ఉద్యోగానికి ఇంగ్లీషు నేర్చుకొంటున్నారు. అవన్నీ రావలసినవే, అన్నం పెట్టే నేల భాషను గౌరవించడం మన ధర్మం. ఇంట మాత్రం తెలుగు నిలుపుదాము. మనలో ఎవరైనా అనాథ బిడ్డను ఇంటికి తెచ్చుకొంటే, ఆ బిడ్డ వచ్చిన ఊరి పేరు దాచక చెప్పుదాము. ఏ నిర్ణయం చేసినా ఒక్కసారి పిల్లవానిని ప్రక్కన కూర్చోబెట్టుకొని, నీకేమి కావాలి నాయనా అని అడుగుదాము. జిడ్డువారి బిడ్డను ఆ మాట అడుగవలసిన వేళ ఎవరూ అడుగలేదు.

అందరికీ ఉగాది శుభాకాంక్షలు.