ఘంటసాల వెంకటేశ్వరరావు

ఘంటసాల వెంకటేశ్వరరావు (డిసెంబరు 4, 1922 - ఫిబ్రవరి 11, 1974) ప్రముఖ తెలుగు సినిమా సంగీత దర్శకుడు, నేపథ్య గాయకుడు. గాయకునిగా పొందిన అపారమైన ఖ్యాతి వలన స్వరకర్తగా అతని కృషి కొంత మరుగున పడింది.

బాల్యము, విద్య

కృష్ణా జిల్లాలో గుడివాడ సమీపంలోని చౌటపల్లి గ్రామంలో జన్మించాడు. తండ్రి సూరయ్య తరంగాలు పాడుచుండగా బాలుడైన ఘంటసాల నృత్యం చేసేవాడు. చిన్నతనంలోనే తండ్రిని కోల్పోయాడు. తరువాత విజయనగరం చేరి, మధూకరంతో కడుపు నింపుకొంటూ పట్రాయని సీతారామశాస్త్రి వద్ద సంగీతం అభ్యసించాడు. 1942లో క్విట్ ఇండియా ఉద్యమంలో పాల్గొని కారాగారవాసం అనుభవించాడు.

సంగీత దర్శకత్వం

సముద్రాల రాఘవాచార్య ప్రోత్సాహంతో మద్రాసు చేరి, మొదట బృందగానాలలో పాడాడు. 1949లో కీలుగుర్రం, మనదేశం చిత్రాలకు సంగీత దర్శకత్వం వహించాడు. ఈ రెండవది నందమూరి తారక రామారావుకు తొలి చిత్రం. పాతాళభైరవి (1951)తో స్వరకర్తగా స్థిరపడ్డాడు. మాయాబజార్ (1957)కు సాలూరు రాజేశ్వరరావు నాలుగు పాటలకు బాణీలు కట్టి తప్పుకొనగా, మిగిలిన సంగీతమంతా ఘంటసాల సమకూర్చాడు. లవకుశ (1963) సంగీతం కూడా అతనిదే.

రంగస్థలంపై పద్యాన్ని దీర్ఘమైన రాగాలాపనతో పాడేవారు. ఘంటసాల సినిమాకు తగినట్లు ఆలాపనను తగ్గించి, ప్రతి పదమూ స్పష్టంగా వినిపించేలా పద్యాన్ని స్వరపరచాడు.

చివరి దశ

పరోపకారం (1953), సొంతవూరు (1956), భక్త రఘునాథ్ (1960) చిత్రాలను నిర్మించి నష్టపోయాడు. 1970లో పద్మశ్రీ పురస్కారం లభించింది. అనారోగ్యంతో ఉన్న చివరి రోజులలో భగవద్గీత శ్లోకాలను తెలుగు తాత్పర్యంతో సహా రికార్డు చేశాడు. చిరకాలం అతనికి సహాయకునిగా పనిచేసినవాడు గురుపుత్రుడైన పట్రాయని సంగీతరావు. ఆ భగవద్గీత 1974లో ఘంటసాల మరణానంతరం విడుదలైంది. తెలుగునాట మరణం సంభవించిన ఇళ్ళవద్ద నేటికీ దానినే వినిపిస్తారు.