కీటకములకు పేరుపెట్టిన థామస్ సే

ఆదోని పత్తిచేలలోను, ఎమ్మిగనూరు పొలముల గట్లమీదను పురుగును చూచిన బాలుడు మొదట అడుగు ప్రశ్న దాని పేరేమని. పేరు తెలియనిదే అది రైతునకు మిత్రమో శత్రువో తెలియదు. ఉత్తర అమెరికా కీటకముల విషయమున ఈ ప్రశ్నకు సమాధానము వెదకుటకే జీవితమును ధారవోసినవాడు థామస్ సే.

ఆయన 1787లో ఫిలడెల్ఫియా నగరమున ఒక వైద్యుని యింట జన్మించెను. మందుల వ్యాపారమున నష్టపోయెను. 1812లో మిత్రులతో కలిసి ప్రకృతి విజ్ఞాన పరిషత్తును స్థాపించి, అందే నివసించుచు, మితాహారముతో కాలము గడపెను. అమెరికా కీటకములను అంతవరకు ఎక్కువగా యూరపు పండితులే వర్ణించుచుండిరి. స్వదేశపు ప్రాణులను స్వదేశమందే గుర్తింపవలెనని సే సంకల్పించెను.

1820లో రాకీ పర్వతముల యాత్రనుండి మరలివచ్చుచుండగా, కొందరు సైనికులు గుర్రములతోపాటు ఆయన వ్రాతప్రతులను గూడ అపహరించి పారిపోయిరి. అయినను ఆయన పని మానలేదు. 1824–1828 నడుమ ‘అమెరికన్ ఎంటమాలజీ’ మూడు సంపుటములుగా వెలువడెను. 1824లోనే ఆయన పది నల్లచారల పెంకుపురుగు నొకదానిని వర్ణించెను. అప్పటి కది అడవి మొక్కల నాశ్రయించి బ్రతుకు ప్రాణి.

1834లో సే న్యూ హార్మొనీ గ్రామమున మరణించెను. ఆయన కూర్చిన కీటకములలో పెక్కింటిని తరువాత పురుగులే తినివేసినవి. వర్ణనలు మాత్రము నిలిచినవి. 1859 ప్రాంతమున ఆ చారల పురుగు ఆలుగడ్డ చేలపై విరుచుకుపడెను. అప్పటికే దాని శాస్త్రవర్ణన సిద్ధముగా నుండెను. చూచినదానిని శ్రద్ధతో వ్రాసియుంచుటలోని ప్రయోజన మిదియే.