పలుకు విలువ ఎరిగిన మహనీయుడు – గిడుగు రామమూర్తి పంతులు

మాట చెవిని సోకడం, మాట మనసుకు అందడం ఒకటే అని మనం సామాన్యంగా భావిస్తాము. ఆ రెండింటి నడుమ ఎంత దూరమున్నదో తమ జీవితంతో నిరూపించినవారు గిడుగు వేంకట రామమూర్తి పంతులుగారు. వ్యావహారిక భాషోద్యమ పితామహుడుగా వారిని ఎరుగని తెలుగు విద్యార్థి ఉండడు. ఏటా ఆగస్టు 29వ తేదీన మనం తెలుగు భాషా దినోత్సవం జరుపుకొంటున్నది వారి జన్మదినమునాడే. కాని పలుకు కోసం అంతగా పోరాడిన ఆ మహనీయునికి వినికిడి పోయిందనీ, ఒక చిన్న జాతి భాష కోసం అడవుల వెంట తిరిగినందుకే ఆ నష్టం కలిగిందనీ ఎరిగినవారు తక్కువ. ఆ కథను మన విద్యార్థులకు తెలియజేయుట మా ఉద్దేశము.

రామమూర్తి పంతులుగారు 1863లో వంశధారా తీరమున, శ్రీముఖలింగ క్షేత్ర సమీపమునందలి పర్వతాలపేటలో జన్మించారు. తండ్రి వీర్రాజుగారు, తల్లి వెంకమ్మగారు. బాల్యంలోనే తండ్రి గతించగా విజయనగరంలో చదువు సాగించారు. అక్కడ గురజాడ అప్పారావుగారు వారి సహాధ్యాయి. 1880లో పర్లాకిమిడి రాజావారి పాఠశాలలో ఉపాధ్యాయులుగా చేరారు. ఉద్యోగం చేస్తూనే ప్రైవేటుగా చదివి పట్టభద్రులయ్యారు. చరిత్రపై మక్కువతో ముఖలింగంలోని శాసనాలను చదవడం స్వయంగా నేర్చుకున్నారు.

పర్లాకిమిడి చుట్టూ ఉన్న కొండలలో సవరలు నివసిస్తారు. వారి భాష ముండా కుటుంబానికి చెందినది. తెలుగు ద్రావిడ భాష, ఒరియా ఆర్య భాష. ఈ మూడింటికీ పుట్టుకలో చుట్టరికం లేదు. ఇట్టి స్థితిలో సవర బాలుడు బడిలో కూర్చుంటే ఏమగును? అతని చెవులు నిర్దుష్టమైనవే, మెదడు చురుకైనదే. అయినను పాఠము ఏటి హోరువలె అతని పక్కనుండి సాగిపోవును. ఈ సంగతిని గ్రహించిన పంతులుగారు సవర, తెలుగు రెండూ తెలిసిన వ్యక్తిని తమ యింట ఉంచుకొని ఆ భాష నేర్చుకున్నారు. సవర పలుకులో వాచకాలు, పాటలు, కథలు సిద్ధపరచారు. సొంత ఖర్చుతో బడులు పెట్టి సవర పిల్లలకు వారి భాషలోనే చదువు చెప్పించారు.

వారి ఆలోచన ఎంత సమంజసమో నేటి శాస్త్రం వల్ల మనకు తేటపడుతుంది. ధ్వని తరంగాలు కర్ణభేరిని తాకి లోపలి చెవికి చేరుతాయి. అక్కడి సూక్ష్మమైన రోమకణాలు వాటిని నాడీ సంకేతాలుగా మారుస్తాయి. ఆ సంకేతాలను మెదడు మాటలుగా పోల్చుకుంటుంది. మనం మాట్లాడునప్పుడు మాటకూ మాటకూ నడుమ నిజంగా విరామముండదు. తెలిసిన భాష కనుక మెదడే ఆ ప్రవాహాన్ని విడగొట్టుకొని అర్థం చెప్పుకుంటుంది. తెలియని భాష ఎడతెగని ఒకే ధ్వనిగా తోచుటకు కారణమిదే. 1874లో జర్మన్ వైద్యుడు కార్ల్ వెర్నికే ఒక విశేషాన్ని వివరించారు. మెదడు ఎడమ పార్శ్వంలో, చెవికి ఎగువ భాగాన దెబ్బ తగిలిన రోగులు ధ్వనిని వింటారు గాని మాటను గ్రహించలేరు. వారు ధారాళంగానే మాట్లాడుతారు, కాని ఆ మాటలలో అర్థం కుదరదు. పక్షవాతం వచ్చినవారిలో ఈ లోపం నేటికీ కనిపిస్తూనే ఉన్నది. కనుక మాట అందకపోవుటకు చెవి చెడవచ్చును, మెదడు దెబ్బతినవచ్చును. ఏ లోపమూ లేని బాలునికి సైతం, ఎరుగని భాషలో బోధిస్తే అదే గతి పట్టవచ్చును. ఈ మూడవ చెముడుకు మందు ఉపాధ్యాయుని చేతిలోనే ఉన్నది.

ఆ మందును పంచబోయిన పంతులుగారికి మొదటి చెముడు ప్రాప్తించింది. మన్యంలో అడుగుపెట్టిన వారిని మలేరియా జ్వరం విడిచేది కాదు. ఆనాడు దానికి క్వినైను తప్ప గత్యంతరం లేదు. క్వినైను మోతాదు మించితే చెవులలో హోరు పుడుతుంది, వినికిడి సన్నగిల్లుతుంది. మందు మానిన పిమ్మట తరచుగా తగ్గిపోయే ఈ బాధ పంతులుగారిని మాత్రం జీవితాంతం విడువలేదు. భాషనే వృత్తిగా, వ్యసనంగా చేసుకున్న వ్యక్తికి ఇంతకు మించిన దెబ్బ ఏమున్నది? సవర భాషలో గొంతును క్షణకాలం బిగబట్టి పలికే ధ్వనులున్నాయి. అట్టివానిని పట్టుకొనుటకు మంచి చెవియే తడబడుతుంది.

అయినను వారు పని విడువలేదు. చెవి పోయినను భాషాజ్ఞానం చెక్కుచెదరలేదు. కుమారులు సీతాపతిగారు కూడ సవర భాషలో కృషి చేశారు. ప్రభుత్వం 1913లో పంతులుగారికి రావు బహదూర్ బిరుదమిచ్చింది. 1931లో వారి సవర భాషా వ్యాకరణ గ్రంథం మద్రాసు ప్రభుత్వ పక్షాన వెలువడింది. ఆ దశాబ్దంలోనే సవర నిఘంటువులు కూడ అచ్చయినాయి.

సవర బడిలో నేర్చిన సత్యాన్నే వారు తెలుగు బడికి కూడ అన్వయించారు. విద్యాశాఖాధికారి యేట్సు దొర, గురజాడ, పి.టి. శ్రీనివాస అయ్యంగారు ప్రభృతులతో కలిసి, వాడుకలో ఉన్న తెలుగుననే పాఠాలు ఉండవలెనని వాదించారు. 1911లో ఉద్యోగ విరమణ చేసి శేషజీవితమును ఆ ఉద్యమానికే అర్పించారు. 1919లో ‘తెలుగు’ అను పత్రిక స్థాపించారు. పండితులు ఎదిరించినప్పుడు ప్రాచీన గ్రంథాల నుండియే ప్రమాణాలు చూపి సమాధానమిచ్చారు. 1936లో పర్లాకిమిడి ఒరిస్సాలో కలియగా ఆ ఊరు విడిచి రాజమహేంద్రవరం చేరారు. 1940 జనవరి 22వ తేదీన కీర్తిశేషులయ్యారు.

మన నెల్లూరు తీరమునకు ఈ జీవితం దగ్గరి పాఠం. మైపాడు, కృష్ణపట్నం ప్రాంతాల పల్లెకారుల తెలుగు వేరు, పుస్తకములోని తెలుగు వేరు. మన విద్యార్థులలో పలువురు ఇంట ఉర్దూ, వీధిలో తెలుగు, తరగతిలో ఇంగ్లీషు వింటారు. ఇది భారమని కొందరు తల్లిదండ్రులు చింతిస్తారు. హైదరాబాదులోని నిజాం వైద్యవిజ్ఞాన సంస్థ వైద్యులు 2013లో ప్రకటించిన పరిశోధన వారికి ధైర్యమిస్తుంది. మతిమరుపు వ్యాధికి లోనైన 648 మందిని పరిశీలించగా, ఒకే భాష తెలిసినవారికన్న రెండు లేక అంతకుమించిన భాషలు మాట్లాడేవారిలో ఆ వ్యాధి సుమారు నాలుగున్నర ఏండ్లు ఆలస్యంగా కనిపించింది. అక్షరాస్యత లేనివారిలోను ఇట్టి తేడాయే కానవచ్చింది.

కనుక రెండు భాషలు రావడం మన విద్యార్థుల సొత్తు. అయితే కొత్త విషయమును మొదటిసారి చెప్పునప్పుడు అది ఏ భాషలో చెబితే మనసుకు అందునో ఆ భాషలో చెప్పుట మా అధ్యాపకుల బాధ్యత. ప్రథమ సంవత్సరపు తరగతులకు ఉర్దూ, తెలుగు రెండింటను వివరణ లభించు ఏర్పాటు చేయవలసినదిగా కళాశాల పాలకవర్గం వారిని కోరుచున్నాము. మౌనంగా వెనుక బల్లపై కూర్చున్న విద్యార్థిని మందమతి అని తలచకముందు, మన మాట అతనికి అందినదా అని విచారించుకొనుట న్యాయము. రామమూర్తి పంతులుగారు సవర బిడ్డలను చూచి వేసుకున్న ప్రశ్న అదియే.